ఎవరి పేరున ఖుత్బా? లక్నో ఆసఫీ మసీదు దారిలో అయిదు రోజులు

గోల్కొండ కోటలో బాలాహిస్సార్ గుమ్మానికి దగ్గర్లో ఒక పాత జామా మసీదు ఉంది. కోట చూడ్డానికి వచ్చేవాళ్ళు చాలామంది దాని పక్కనుంచే నడిచి చప్పట్లు కొట్టే చోటికి వెళ్ళిపోతారు. 1518లో సుల్తాన్ కులీ కట్టించిన మసీదు అది. 1543లో నమాజులో ఉండగానే ఆయన్ను చంపేశారు. నేను జూనియర్ కాలేజీలో చరిత్ర చెబుతాను. ఏటా పిల్లల్ని అక్కడికి తీసుకెళ్ళి నిలబెట్టి ఒక మాట చెబుతాను. ఆ కాలంలో రాజ్యం ఎవరిదో తెలియాలంటే కోట ఎక్కక్కర్లేదు, శుక్రవారం మసీదులో ఖుత్బా వింటే చాలు. ఆ ప్రసంగంలో ఎవరి పేరు చదివితే రాజ్యం ఆయనది.

కుతుబ్‌షాహీలు షియాలు. వాళ్ళ ఖుత్బాలో పన్నెండుమంది ఇమాముల పేర్లూ, ఇరాన్ షా పేరూ వినిపించేవి. 1636లో షాజహాన్ ఒత్తిడికి తట్టుకోలేక అబ్దుల్లా కుతుబ్‌షా లొంగుబాటు పత్రం రాసిచ్చాడు. ఏటా 2 లక్షల హొన్నుల కప్పం కట్టాలి. ఖుత్బాలోంచి పన్నెండు పేర్లు తీసెయ్యాలి. ఇరాన్ షా పేరు ఉన్నచోట షాజహాన్ పేరు చదవాలి. గోల్కొండ కోట మొగలుల చేతికి చిక్కింది 1687లో. రాజ్యం సగం మాత్రం అంతకు యాభై ఏళ్ళ ముందే, ఖుత్బా చదివే వేదిక అయిన మింబర్ మెట్ల మీద పోయిందని నా నమ్మకం.

పోయిన ఏడాది ఒక అమ్మాయి అడిగింది. "సార్, ఆ తీసేసిన పేర్లు మళ్ళీ ఎక్కడైనా చదివారా?" చదివారమ్మా, ఉత్తరాన లక్నోలో, ఇంకో 150 ఏళ్ళకు, అని చెప్పాను. చెప్పానేగానీ ఆ చోటు నేను కళ్ళారా చూడలేదు. దారుల్‌షిఫాలో ఉండే నా కాలేజీ స్నేహితుడికి ఈ మాట చెబితే, "మా మామూ అక్కడే ఉంటారు, సంక్రాంతి సెలవులకు పోదాం పా భాయ్" అన్నాడు.

మొదటి రోజు, మంగళవారం

పొగమంచు. కాన్పూర్ దాటాక కిటికీలోంచి ఏమీ కనిపించలేదు. రైలు తొమ్మిది గంటలు ఆలస్యం. మధ్యాహ్నం దిగాల్సినవాళ్ళం రాత్రి పది దాటాక చార్‌బాగ్ స్టేషన్లో దిగాం. గుమ్మటాలూ మినార్లూ మంచులో మునిగి ఉన్నాయి.

మామూ ఇల్లు పాత బస్తీలో, నఖాస్‌కు దగ్గర్లో ఒక సందులో. ఆయన తపాలా శాఖలో పనిచేసి రిటైరయ్యారు. డెబ్బై దాటాయి. అంత రాత్రప్పుడు మేలుకొని కూర్చున్నారు. కుశలప్రశ్నలు అయీ కాకముందే, ఈసారి హైదరాబాద్ ముహర్రం ఊరేగింపులో బీబీకా ఆలం, ఆ పవిత్ర ధ్వజం, ఏనుగు మీద వెళ్ళిందా, మీరు చూశారా అని అడిగారు. చూశానని చెప్పాను. మా ఊళ్ళోనూ పీరీలు లేపుతారని, మా నాయన పీర్లకు దట్టి కట్టేవాడని, మలీద ముద్దల కోసం చిన్నప్పుడు మేమంతా కొట్టం ముందు నిలబడేవాళ్ళమని చెప్పాను. "హిందువులా?" అన్నారాయన. అవునన్నాను. "ఇక్కడ కూడా అంతే" అని భుజం తట్టారు.

పడుకోబోయేముందు ఒక మాట అన్నారు. "బేటా, మీరు శుక్రవారం దాకా ఉండండి. మిగతా రోజుల్లో అది రాయీ సున్నమే. జుమా రోజున మసీదు."

రెండో రోజు, బుధవారం

పొద్దున్న ఎనిమిదింటికి రూమీ దర్వాజా కింద నిలబడ్డాం. అరవై అడుగుల ఎత్తు. ఇస్తాంబుల్‌లోని ఒక దర్వాజాను చూసి కట్టారని చెబుతారు. ఈ దర్వాజా, పక్కన బడా ఇమాంబాడా, దాని ఆవరణలో ఆసఫీ మసీదు, మెట్లబావి, అన్నీ ఒకే మనిషి తలపెట్టినవి. అవధ్ నవాబు ఆసఫుద్దౌలా.

ఈయన కథ కొంచెం వివరంగా చెప్పాలి. 1722లో ఇరాన్‌లోని నీషాపూర్ నుంచి వచ్చిన సాదత్ ఖాన్ మొగలుల తరఫున అవధ్‌కు సుబేదారయ్యాడు. ఆ వంశంలో మూడోవాడు షుజాఉద్దౌలా. 1764లో బక్సర్‌లో ఈస్టిండియా కంపెనీ చేతిలో ఓడిపోయాడు. ఆయన కొడుకే ఆసఫుద్దౌలా. 1775లో గద్దె ఎక్కగానే రాజధానిని ఫైజాబాద్ నుంచి లక్నోకు మార్చాడు. సైన్యం మీద అధికారం కంపెనీ చేతుల్లోకి పోయింది. కంపెనీకి కట్టాల్సిన బాకీ కొండంత. ఆ బాకీ పేరుతోనే వారెన్ హేస్టింగ్స్ ఈయన తల్లి బహూ బేగం ఖజానాను ఊడ్చేశాడు. పైన ఢిల్లీలో పాదుషా, పక్కన కలకత్తాలో కంపెనీ, మధ్యలో పేరుకు 'వజీరు'. యుద్ధం చెయ్యలేడు, సంధి తెంచుకోలేడు. అలాంటివాడికి మిగిలింది కట్టడం ఒక్కటే.

1784 కరువులో ఈ పని మొదలైంది. తిండి దొరకని జనానికి కూలి దొరకాలన్నది ఉద్దేశం. పగలు పేదలు కట్టినదాన్ని రాత్రి మసక వెలుతురులో, మొహాలు కనపడకుండా, ఊరి పెద్దింటివాళ్ళు కూల్చేవారట. అడుక్కోవడానికి సిగ్గుపడేవాళ్ళకూ కూలి అందాలని ఆ ఏర్పాటట. ఇది జనం చెప్పుకునే కథ. పని ముగియకుండా సాగదీయడానికి ఇంత మంచి కారణం చెప్పుకున్న ఊరు ఇంకొకటి ఉందా? 'దేవుడు ఇవ్వనివాడికి ఆసఫుద్దౌలా ఇస్తాడు' అన్న సామెత ఇప్పటికీ లక్నోలో అందరి నోటా ఉంది. మా రిక్షా అతను కూడా చెప్పాడు.

ఇమాంబాడా అంటే మన హైదరాబాద్‌లో ఆషూర్‌ఖానా. కర్బలాలో చనిపోయిన ఇమాం హుసేన్ కోసం కూడి ఏడ్చే చోటు. చెప్పులు విప్పి లోపలికి వెళ్ళాం. హాలు 163 అడుగుల పొడవు, 53 అడుగుల వెడల్పు, 50 అడుగుల ఎత్తు. లోపల ఒక్క స్తంభం లేదు, ఒక్క దూలం లేదు. సన్నటి లఖౌరీ ఇటుక, సున్నం, అంతే. ఆ చివర గైడు అగ్గిపుల్ల గీస్తే ఈ చివర మాకు వినిపించింది. హాలు మధ్యలో ఆసఫుద్దౌలా సమాధి. అదే కప్పు కింద, కట్టిన మేస్త్రి కిఫాయతుల్లా సమాధి. రాజునూ మేస్త్రినీ ఒకే గదిలో పడుకోబెట్టిన చోటు నేను ఇంకెక్కడా చూడలేదు. అక్కడ చాలాసేపు నిలబడ్డాను.

పైన భూల్‌భులయ్యా అనే చిక్కుదారుల మేడకు అందరూ ఎగబడతారు. మేమూ ఎక్కాం, కాసేపు దారి తప్పాం, దొరికాం. అంతకంటే చెప్పడానికి లేదు. నాకు కావలసింది ఆ పైకప్పు మీదినుంచి కనిపించింది. కింద ఆవరణలో, ఒక పక్కగా, ఎత్తైన అరుగు మీద ఆసఫీ మసీదు. మూడు గుమ్మటాలు, రెండు మినార్లు, వాటి ముందు విశాలమైన మెట్ల వరస. ఇమాంబాడాకు ఎదురుగా కాక కొంచెం ఒరిగి ఉంటుంది. మసీదు మక్కా వైపు తిరగాలి కదా, అందుకని.

మసీదు లోపలికి ముస్లిమేతరులకు ప్రవేశం లేదు. నేను మెట్ల కింద కూర్చున్నాను. స్నేహితుడు వెళ్ళి రెండు రకాతులు చదివి వచ్చాడు. "లోపల ఎలా ఉంది?" అంటే, "ఖాళీగా, చల్లగా ఉంది. మన మక్కా మసీదులాగా చీకటి ఉండదు" అన్నాడు. ఆ మెట్ల మీద ఎండ కాస్తూ ఉంది. నాలుగు రోజుల తర్వాత వచ్చిన ఎండ అని అందరూ అక్కడే చేరారు.

సాయంత్రం అక్బరీ గేటు దగ్గర షీర్మాల్, కబాబులు. పొద్దున్నే అయితే మఖ్ఖన్ మలాయి దొరుకుతుంది. చలికాలంలో మంచుకు పెట్టి చిలికిన పాల నురగ, నోట్లో పెట్టుకుంటే ఏమీ మిగలదు. అది తిని తీరాలి.

మూడో రోజు, గురువారం

గుఫ్రాన్ మఆబ్ ఇమాంబాడా చౌక్ ప్రాంతంలోనే ఉంది. పర్యాటకులు అంతగా రారు. నేను లక్నో వచ్చింది ముఖ్యంగా దీనికోసమే. దీన్ని కట్టించిన సయ్యద్ దిల్దార్ అలీ నసీరాబాదీ సమాధి ఇక్కడుంది. చనిపోయాక ఆయన్ను గుఫ్రాన్ మఆబ్ అని పిలిచారు.

ఇక్కడ కొంచెం మతశాస్త్రం చెప్పక తప్పదు. షియాల నమ్మకంలో పన్నెండో ఇమాం చనిపోలేదు, తొమ్మిదో శతాబ్దంలో కనుమరుగయ్యారు, మళ్ళీ వస్తారు. శుక్రవారం సామూహిక నమాజు చదివించే అసలు హక్కు ఇమాందే. మరి ఆయన లేని కాలంలో ఎవరు చదివించాలి? ఎవరూ చదివించకూడదు అని ఒక వర్గం, అఖ్బారీలు. శాస్త్రం క్షుణ్ణంగా చదివిన ముజ్తహిద్ ఆయనకు ప్రతినిధిగా నిలబడొచ్చు అని ఇంకో వర్గం, ఉసూలీలు. దిల్దార్ అలీ మొదట అఖ్బారీ. ఇరాక్‌లోని నజఫ్, కర్బలాలకు వెళ్ళి చదువుకుని ఉసూలీగా తిరిగొచ్చారు.

1786లో నవాబు ఆసఫుద్దౌలా మంత్రి హసన్ రజా ఖాన్ చొరవతో లక్నోలో దిల్దార్ అలీ షియాలకు సామూహిక నమాజు, ఆపైన జుమా నమాజు మొదలుపెట్టారు. అంతవరకు ఉత్తరాది షియాలు ఇళ్ళల్లో విడివిడిగానో, సున్నీ ఇమాం వెనకనో చదువుకునేవారు. అప్పటినుంచి తమ ఇమాం వెనక, తమ ఖుత్బాతో, అందరి ఎదుటా. ఆసఫీ మసీదు అలా మొదలైన జుమాకు ఇల్లయ్యింది.

పిల్లలకు నేను దీన్ని ఇలా చెబుతాను. ఆ శుక్రవారంతో రెండు అధికారాలు పుట్టాయి. ఒకటి నవాబుది. ఢిల్లీ పాదుషా మతంతో పనిలేకుండా తన ఊళ్ళో తన జుమా జరిపించుకున్నాడు. రెండోది మౌల్వీలది. ఇమాం తరఫున నిలబడే హక్కు ఉందన్నాక ఆ మనిషి మాటకు విలువ పెరిగింది. మొదటిదాని ఫలితం 1819లో కనిపించింది. కంపెనీ ఎగదోయగా నవాబు గాజీఉద్దీన్ హైదర్ తనే పాదుషానని కిరీటం పెట్టుకుని, తన పేరున నాణేలు కొట్టించాడు. రెండోదాని ఫలితం 1840లలో అమ్జద్ అలీ షా కాలంలో. న్యాయస్థానాలు దిల్దార్ అలీ కొడుకు సయ్యద్ మొహమ్మద్ వంటి ముజ్తహిద్‌ల చేతికి వచ్చాయి. నవాబుల వంశం గద్దె దిగింది, ఈ మౌల్వీల వంశం మాత్రం ఇప్పటికీ లక్నో మింబర్ల మీద ఉంది.

డబ్బు సంగతి కూడా చెప్పాలి. ఇదే కాలంలో నజఫ్‌కు నీళ్ళు తేవడానికి యూఫ్రటీస్ నుంచి హిందియా కాలువ తవ్వడానికి అవధ్ నుంచి 5 లక్షల రూపాయలు వెళ్ళాయి. 1803లో కాలువ పూర్తయింది. ఇరాక్‌లో ఒక కాలువను 'హిందియా' అని పిలవడం అందుకే. 1825లో గాజీఉద్దీన్ హైదర్ కంపెనీకి కోటి రూపాయలు శాశ్వత అప్పుగా ఇచ్చాడు, వడ్డీ 5 శాతం. ఆ వడ్డీలో ఒక భాగం తర్వాత్తర్వాత నజఫ్, కర్బలా ముజ్తహిద్‌లకు చేరింది. పంచేది బ్రిటిష్ అధికారులు. ఆ పంపకాన్ని అడ్డం పెట్టుకుని అక్కడి మత పెద్దల మీద పట్టు సంపాదించాలని ఇరవయ్యో శతాబ్దం మొదలయ్యాక కూడా ప్రయత్నించారు. ఇక్కడి రైతు కట్టిన శిస్తు, అక్కడి గురువుకు గౌరవవేతనం, మధ్యలో ఇంగ్లీషువాడి రాజకీయం! మామూకు ఈ లెక్కలన్నీ నోటికి వచ్చు.

ఇంకో విషయం ఆయనే చెప్పారు. లక్నో పక్కనే బారాబంకీ జిల్లాలో కింతూర్ అనే ఊరుంది. అక్కడ పుట్టిన సయ్యద్ అహ్మద్ మూసవీ 1830 ప్రాంతంలో ఇరాక్ వెళ్ళి, ఆపైన ఇరాన్‌లోని ఖొమైన్‌లో స్థిరపడ్డారు. 'హిందీ' అన్నది ఆయన పేరుకు తోకగా నిలిచిపోయింది. ఆయన మనవడే ఆయతుల్లా ఖొమైనీ.

మధ్యాహ్నం రెసిడెన్సీ, అంటే అప్పటి ఇంగ్లీషు ప్రతినిధి నివాసం, శిథిలాలు చూశాం. 1857 జూన్ 30న చిన్‌హట్‌లో ఓడాక ఇంగ్లీషువాళ్ళు ఇందులో తలదాచుకుని నెలల తరబడి ముట్టడిలో ఉన్నారు. బయట బేగం హజ్రత్ మహల్ తన చిన్న కొడుకు బిర్జిస్ ఖద్ర్‌ను గద్దె మీద కూర్చోబెట్టి రాజ్యం నడిపింది. గోడల మీద ఫిరంగి గుళ్ళ గుంతలు ఇంకా అలాగే ఉన్నాయి. ఇంగ్లీషువాళ్ళ సమాధి రాళ్ళ మీద పేర్లు స్పష్టంగా చదవొచ్చు. ముట్టడి వేసినవాళ్ళ పేర్లు ఏ రాతి మీదా నాకు కనపడలేదు.

1858 మార్చిలో లక్నో మళ్ళీ ఇంగ్లీషువాళ్ళ చేతికి వచ్చింది. ఆ తర్వాత జరిగింది ఆసఫీ మసీదు చరిత్రలో అన్నిటికంటే బాధ పెట్టే ముక్క. బడా ఇమాంబాడాను కోటగా మార్చారు. హాల్లో ఆయుధాలు పెట్టారు. మసీదును సైన్యం తీసుకుంది. కోట చుట్టూ ఫిరంగికి అడ్డం ఉండకూడదని కర్నల్ రాబర్ట్ నేపియర్ పథకం ప్రకారం ఇళ్ళూ వీధులూ నేలమట్టం చేసి, పాత బస్తీ మధ్యలోంచి వెడల్పాటి రోడ్లు చీల్చారు. విక్టోరియా స్ట్రీట్ అలా వచ్చిందే. ఇప్పుడు ఇమాంబాడా చుట్టూ పచ్చగా, ఖాళీగా ఉన్న చోటు చూసి ఎంత బాగుందో అనుకుంటాం. నేనూ బుధవారం అలాగే అనుకున్నాను. పక్కనే ఉన్న మచ్ఛీ భవన్ కోటదీ అదే గతి. ఆ దిబ్బ మీదే ఇప్పుడు కింగ్ జార్జ్ మెడికల్ యూనివర్సిటీ ఉంది.

1880ల దాకా ఆ మసీదులో నమాజు లేదు. జుమా కోసమే పేరుపడ్డ మసీదులో పాతికేళ్ళకు పైగా శుక్రవారం లేదు.

జుమేరాత్ కాబట్టి సాయంత్రం హజ్రత్ అబ్బాస్ దర్గాకు వెళ్ళాం. ఆడవాళ్ళు, పిల్లలు, కొవ్వొత్తులు, ఆలం ముందు గుసగుసగా చెప్పుకునే మొక్కులు. మా ఊరి పీర్ల కొట్టం గుర్తొచ్చింది. అక్కడ భాషే వేరు, మొక్కు ఒకటే.

నాలుగో రోజు, శుక్రవారం

పన్నెండున్నరకే చేరుకున్నాం. మామూ ఇస్త్రీ షేర్వానీ తొడుక్కుని, జేబులో కర్బలా మట్టితో చేసిన చిన్న సజ్దాగాహ్ పెట్టుకుని వచ్చారు. నుదురు ఆనించేది ఆ మట్టి బిళ్ళ మీదే. నేను బుధవారం కూర్చున్న చోటే, మెట్ల కింద కూర్చున్నాను. నా పక్కన ఒక పెద్దాయన, మోకాళ్ళు మెట్లు ఎక్కనివ్వవని, అక్కడే చాప పరుచుకున్నారు.

ముందు రోడ్డు అవతలి టీలేవాలీ మసీదు నుంచి అజాన్ వినిపించింది. అది సున్నీల మసీదు, ఔరంగజేబు కాలం నాటిది. దాని వెనకే మా పైనున్న మినార్ల నుంచి ఆసఫీ అజాన్. దాంట్లో ఒక వాక్యం ఎక్కువ, అలీ దేవుడికి ప్రియమైనవాడు అని సాక్ష్యం చెప్పేది. రెండు మసీదులూ ఒకదానికొకటి కనిపించేంత దూరంలో ఉంటాయి. ఆ ఒక్క వాక్యం చుట్టూ, అలాంటి ఇంకొన్ని వాక్యాల చుట్టూ, ఈ ఊళ్ళో వందేళ్ళు గొడవ జరిగింది.

పెద్దాయనతో మాట కలిపాను. వాళ్ళ నాన్న 1939లో జైలుకు వెళ్ళారట. మదహె సహాబా అంటే మొదటి ఖలీఫాలను బహిరంగంగా పొగిడే సున్నీల ఊరేగింపు. ఆ ఏడాది గోవింద వల్లభ్ పంత్ ప్రభుత్వం దానికి అనుమతిచ్చింది. దానికి జవాబుగా షియాలు తబర్రా, అంటే నిందావాక్యాలు, వీధుల్లో చదివి అరెస్టయ్యారు. 18 వేలమంది దాకా జైళ్ళకు వెళ్ళారు. నవాబుల వంశంవాళ్ళు, మౌల్వీల కొడుకులు, బట్టలు కుట్టేవాళ్ళు, అందరూ. ఊరిని ఒక్కటిగా ఉంచాల్సిన రోజుల్లో, స్వాతంత్ర్యం ఇంకో ఎనిమిదేళ్ళ దూరంలో ఉండగా, రెండు వర్గాలూ ఒకరి పెద్దల పేర్లను ఒకరు వీధిలో నిలబెట్టుకున్నాయి. ఇందులో ఏ పక్షమూ గెలిచిందని నేను అనలేను. "మీ నాన్న దాని గురించి గర్వంగా చెప్పేవారా?" అని అడిగితే, "చిన్నప్పుడు గర్వంగా చెప్పేవారు. ముసలితనంలో మాట్లాడటం మానేశారు" అన్నారు పెద్దాయన.

1977లో అల్లర్ల తర్వాత ప్రభుత్వం ఊరేగింపులన్నిటినీ నిషేధించింది. ఇరవై ఏళ్ళపాటు లక్నోలో ముహర్రం జులూస్ లేదు. మన బీబీకా ఆలం ఇరవై ఏళ్ళు దబీర్‌పురా దాటి బయటికి రాకపోతే ఎలా ఉంటుందో ఊహించుకోండి. జులూస్ లేని ఆ ఇరవై ఏళ్ళూ ఈ మసీదులో శుక్రవారం ఖుత్బాయే జనానికి వేదికయ్యింది. ఇక్కడ శుక్రవారం నమాజు చదివించే ఇమామె జుమా మౌలానా కల్బే జవాద్ ఆ ఉద్యమానికి ముందు నిలిచారు. 1997 ఏప్రిల్‌లో ముగ్గురు షియా యువకులు ఊరేగింపుల హక్కు కోరుతూ ఒంటికి నిప్పంటించుకున్నారు. ఊరు కదిలిపోయింది. 1998 జనవరిలో, రంజాన్ 21న, హజ్రత్ అలీ వర్ధంతి రోజున మళ్ళీ మొదటి జులూస్ బయల్దేరింది. ఇప్పుడు ఏడాదికి 9 ఊరేగింపులకు అనుమతి ఉంది.

ఆ మొదటి జులూస్‌లో మామూ నడిచారు. స్నేహితుడు అడిగినా ఆయన దాని గురించి చెప్పరట. నేను అడగలేదు.

ఖుత్బా మొదలైంది. జుమాలో రెండు ఖుత్బాలుంటాయి. మొదటిది దైవభక్తి గురించి. రెండోది లోకం గురించి, ఊరి గురించి. ఆ రెండోదే అసలు రాజకీయం. రంజాన్ చివరి శుక్రవారం ఇక్కడే పాలస్తీనా కోసం ఖుద్స్ దినం నిరసన జరుగుతుంది. 2020 జనవరిలో ఇరాన్ సేనాని ఖాసిం సులేమానీ హత్యకు గురైనప్పుడు ఈ ఊళ్ళో వేలమంది వీధుల్లోకి వచ్చారు. నేను విన్న రోజున మౌలానా ఎక్కువగా వక్ఫ్ ఆస్తుల గురించి, పిల్లల చదువు గురించి మాట్లాడారు. నా ఉర్దూ హైదరాబాద్ ఉర్దూ, లక్నో ఉర్దూలో సగం నాకు అందదు. అయినా పర్వాలేదు, ఎందుకంటే నేను కాచుకున్నది ఆ మాటల కోసం కాదు.

రెండో ఖుత్బాలో మౌలానా గొంతు మారింది. అరబీలోకి వెళ్ళింది. ప్రవక్త పేరు, ఆయన కూతురు ఫాతిమా పేరు, అలీ పేరు. హసన్. హుసేన్. ఒక్కో పేరుకూ జనం సలవాత్, అంటే ప్రవక్తకూ ఆయన కుటుంబానికీ దీవెన, చెబుతుంటే మెట్ల మీద ఆ శబ్దం అలలా దిగొచ్చింది. జైనుల్ ఆబిదీన్, ముహమ్మద్ బాఖిర్, జాఫర్ సాదిఖ్. నేను వేళ్ళ మీద లెక్కపెడుతున్నాను. మూసా కాజిం, అలీ రజా, ముహమ్మద్ తఖీ, అలీ నఖీ, హసన్ అస్కరీ. పన్నెండో పేరు, కనుమరుగైన మహదీ పేరు వచ్చినప్పుడు నా పక్కనున్న పెద్దాయన మోకాళ్ళ నొప్పి మరిచి లేచి నిలబడ్డారు. మెట్ల కింద ఉన్నవాళ్ళంతా నిలబడ్డారు. నేనూ నిలబడ్డాను.

పన్నెండు. గోల్కొండలో 1636లో తీసేసిన పన్నెండు. ఏ పాదుషా పేరూ లేదు, ఏ నవాబు పేరూ లేదు, అదే ఆవరణలో సమాధిలో ఉన్న ఆసఫుద్దౌలా పేరు కూడా రాలేదు.

నమాజయ్యాక మామూ మెట్లు దిగి వస్తూ "విన్నారా?" అన్నారు. విన్నానన్నాను. నా గొంతు సరిగ్గా లేదని ఆయనకు తెలిసిపోయింది. ఏమీ అనకుండా నా చెయ్యి పట్టుకుని గేటు దాకా నడిచారు.

అయిదో రోజు, శనివారం

సాయంత్రం రైలు. పొద్దున్న హుసేనాబాద్ వైపు తిరిగాం. మొహమ్మద్ అలీ షా కట్టించిన ఛోటా ఇమాంబాడా, దాని దారిలో 221 అడుగుల గడియార స్తంభం. 1881లో ఒక ఇంగ్లీషు గవర్నరు గౌరవార్థం మొదలుపెట్టారు. ఈ స్తంభం కింద 2020 జనవరి నుంచి మార్చి దాకా పౌరసత్వ చట్టానికి వ్యతిరేకంగా ఆడవాళ్ళు రాత్రింబవళ్ళు కూర్చున్నారు. అంతకు ముందు 2015లో వక్ఫ్ బోర్డు తీరు నచ్చక షియా మహిళలే ఇమాంబాడాల గేట్లకు తాళాలేసి కూర్చుంటే పర్యాటకులు వెనక్కి పోవాల్సి వచ్చింది. మింబర్ ఎక్కే అవకాశం లేనివాళ్ళు గేటు దగ్గర కూర్చుని మాట్లాడారు. ఈ ముక్క నా పాఠంలో ఇన్నాళ్ళూ లేదు. ఇకమీదట ఉంటుంది.

మౌలానా కల్బే సాదిఖ్ గురించి కూడా పిల్లలకు చెప్పాలనుకున్నాను. చదువు కోసం బళ్ళు కట్టించి, షియా సున్నీలు కలిసి నమాజు చదవాలని చివరిదాకా కోరుకున్న పెద్దమనిషి. 2020 నవంబరులో పోయారు. గురువారం మేం చూసిన గుఫ్రాన్ మఆబ్ ఇమాంబాడాలోనే, దిల్దార్ అలీ ఉన్న ఆవరణలోనే ఆయన సమాధి.

ఇంటికొచ్చి సామాను సర్దుకున్నాం. మామూ షీర్మాల్ కాగితంలో చుట్టి ఇచ్చారు. తర్వాత లోపలికి వెళ్ళి ఒక ఆకుపచ్చ గుడ్డ తెచ్చారు. జరీ అంచు, మడతల దగ్గర కొంచెం పాతబడింది.

"వచ్చే ముహర్రంకు బీబీకా ఆలంకు దీన్ని దట్టిగా కట్టించండి బేటా. నేను ఇక అంత దూరం రాలేను."

తప్పకుండా అని తీసుకుని, ఎవరి పేరున కట్టించమంటారు మామూ, మీ పేరునేనా అని అడిగాను.

ఆయన కాసేపు గుడ్డ అంచు సవరిస్తూ ఉండిపోయారు. "నా పేరు వద్దు" అన్నారు. "లక్నో నుంచి అని చెప్పండి, చాలు."